నో నొక్కమన్న సారు

సారు పోయారన్న కబురు వచ్చినప్పుడు నేను షాపులో స్కానర్ అద్దం తుడుస్తున్నాను. షట్టర్ ఇంకా సగమే ఎత్తి ఉంది. ఫోన్‌లో ఆంటీ, అంటే సారు భార్య, "అమ్మాయ్, సారు వెళ్ళిపోయారమ్మా. పొద్దున కాఫీ తాగి, కాసేపు పడుకుంటానన్నారు. మళ్ళీ లేవలేదు" అన్నారు. నేను చేతిలో గుడ్డ పట్టుకుని "సరే ఆంటీ" అన్నాను. ఫోన్ పెట్టేశాక గాని ఏమన్నానో నాకే తెలియలేదు. చావు కబురు చెబితే ఎవరైనా సరే అంటారా? ఆ సిగ్గుతో చాలా రోజులు ఆంటీ మొహం సరిగా చూడలేకపోయాను.

తర్వాత ఒకరోజు ఆంటీయే ఆ మాట ఎత్తారు. "నువ్వు సరే అంటావని నాకు తెలుసులే. అందుకే ముందు నీకు చేశాను. మిగతా వాళ్ళంతా ఎలా, ఎప్పుడు, ఏ డాక్టరు అని అడుగుతారు. నాకు అప్పుడు జవాబులు చెప్పే ఓపిక లేదు" అన్నారు.

ఆ పొద్దున అద్దం సగమే తుడిచి ఉంది. మిగతా సగం కూడా తుడిచాను. సగంలో వదిలితే గీత పడుతుందని సారు ఎప్పుడూ అనేవారు. ఆ తర్వాత షట్టర్ దించి, మలక్‌పేటలో వాళ్ళ కూతురింటికి వెళ్ళాను. దవాఖాన దగ్గరవుతుందని నెల రోజులుగా సారునీ ఆంటీనీ అక్కడే ఉంచుకున్నారు.

మా షాపు తెలియని వాళ్ళకు చెప్తాను. దిల్‌సుఖ్‌నగర్ నుంచి ఎల్‌బీ నగర్ పోయే రోడ్డులో, మెట్రో పిల్లర్లు వదిలి లోపలి గల్లీలోకి వస్తే, కోచింగ్ పిల్లల హాస్టళ్ళ మధ్య ఒక చిన్న షట్టర్. బోర్డు మీద జిరాక్స్, స్కానింగ్ అని ఉంటుంది. అట్లాంటి బోర్డులు మా గల్లీలోనే నాలుగున్నాయి. కానీ పాత భూమి కాగితాలు, అంచులు రాలిపోయే దస్తావేజులు, తాతలనాటి పెళ్ళి ఫోటోలు ఉన్నవాళ్ళు మాత్రం వెతుక్కుని మా దగ్గరికే వస్తారు. కొత్త మిషన్లు కాగితాన్ని లోపలికి లాక్కుంటాయి. పాత కాగితం అందులో చిరిగిపోతుంది. మా స్కానర్ కుట్టుమిషన్ బల్లంత ఉంటుంది. మంచం మీద పిల్లను పడుకోబెట్టినట్టు కాగితాన్ని దాని అద్దం మీద పరిస్తే చాలు. దాన్ని తయారుచేసిన కంపెనీయే ఇప్పుడు లేదని సారు చెప్పేవారు.

సారు ఆఫీసుల పాత ఫైళ్ళను స్కాన్ చేసే కంపెనీలో చాలా ఏళ్ళు పనిచేశారు. ఆ కంపెనీ మూసేసినప్పుడు ఈ స్కానర్‌నూ దాని కంప్యూటర్‌నూ తెచ్చుకుని సొంతంగా షాపు పెట్టారు. కోస్తా నుంచి వచ్చి ముప్పై ఏళ్ళు దాటినా మాట మారలేదు. నేను "ఏంది సార్" అంటే ఆయన "ఏంటమ్మా" అనేవారు. ఒకరి మాట ఒకరికి అంటుకోలేదు గాని, ఆంటీకి మాత్రం "జర" అనడం వచ్చేసింది.

షాపు మీది గదిలో మేము కిరాయికి ఉంటాం. మా ఆయన ఎల్‌బీ నగర్‌లో ట్రాలీ ఆటో నడుపుతాడు. పెళ్ళయి వచ్చిన కొత్తలో నేను గది దాటి దిగేదాన్ని కాదు. ఒకరోజు నీళ్ళ మోటరు వెయ్యమని అడగడానికి కిందికి వచ్చి, అడగలేక గుమ్మం దగ్గరే నిలబడ్డాను. సారు ఒక పెద్ద కాగితాన్ని అద్దం మీద సరిచేస్తున్నారు. ఆయన చేతులు వణికేవి. కాగితం జరుగుతూ ఉంది.

"అమ్మాయ్, ఆ మూల కాస్త పట్టుకుంటావా?" అన్నారు.

పట్టుకున్నాను. మూత వేశారు. కింద నుంచి తెల్లటి వెలుగు ఒక పక్క నుంచి ఇంకో పక్కకు మెల్లగా పోయింది. నేను ఆ వెలుగునే చూస్తూ ఉండిపోయాను. ఆ రోజు మోటరు సంగతి అడగనే లేదు. మర్నాడు మళ్ళీ వచ్చాను.

నేను చదివింది ఏడో తరగతి వరకు. ఇంగ్లీషు అక్షరాలు కూడబలుక్కుంటాను గాని అర్థం తెలియదు. అయినా నెల తిరిగేసరికి స్కాన్ చేయడం, దాన్ని ఇంకో ప్రోగ్రాంలో వేసి మెయిల్‌కు పోయే కాగితంగా మార్చడం వచ్చింది. సారు ఏది చెప్పినా నేను తల ఊపేదాన్ని. అది నాకు చిన్నప్పటి అలవాటు. మీర్‌పేట్‌లో మా అత్తమ్మ వచ్చినవాళ్ళందరికీ, "మా కోడలికి వద్దు అనుడు తెల్వదు" అని గొప్పగా చెప్పుకునేది. కంప్యూటర్‌లో కూడా అంతే. ఏ పెట్టె వచ్చి ఏమడిగినా నేను ఎస్ నొక్కేదాన్ని. పోయేది. ఆ పెట్టె నన్ను మంచిదని అనుకుందేమో అనిపించేది.

అట్లా నొక్కినందుకే ఒకసారి షాపు ఆగిపోయింది.

కోచింగ్ పిల్లవాడొకడు ఏదో పని ఉందని మా కంప్యూటర్‌లో బొమ్మల ప్రోగ్రాం ఒకటి వేసుకుని, పని కాగానే వెళ్ళిపోయాడు. కంప్యూటర్ నెమ్మదించింది. సారు భోజనానికి లేస్తూ, "దాన్ని తీసెయ్యమ్మా" అన్నారు. ఎట్లా తియ్యాలో నేర్పారు కాబట్టి తీస్తున్నాను. మధ్యలో ఒక పెట్టె వచ్చింది. నాలుగు లైన్ల ఇంగ్లీషు. కింద ఎస్, నో. ఎస్ నొక్కాను. మళ్ళీ అదే పెట్టె. మళ్ళీ ఎస్. అట్లా నాలుగుసార్లు. పని అయిపోయిందని సంతోషంగా మీదికి వెళ్ళి అన్నం వండుకున్నాను.

మర్నాడు పొద్దున్నే ఒక తల్లి, కూతురు వచ్చారు. ఏలూరు నుంచి బస్సులో ఎల్‌బీ నగర్‌లో దిగి నేరుగా వచ్చారు. అమ్మాయికి నర్సింగ్ సీటు. సర్టిఫికెట్లన్నీ ఆ మధ్యాహ్నంలోపు కంప్యూటర్‌లో పంపాలి. అందులో ఒకటి వానకు తడిసి, ఆరబెట్టి, మడతల్లో విడిపోయి ఉంది. పెద్ద స్కానర్ తప్ప వేరే దారి లేదు.

నేను స్కానర్ ప్రోగ్రాం నొక్కాను. తెరుచుకోలేదు. ఫలానా ఫైలు కనబడటం లేదని ఒక పెట్టె. సరే, కాగితంగా మార్చే ప్రోగ్రాం చూద్దామని అది నొక్కాను. అదే పెట్టె, అదే ఫైలు పేరు. చివర చుక్క పెట్టి డీఎల్ఎల్ అని ఉంది. సారును పిలిచాను.

సారు కళ్ళజోడు పెట్టుకుని చూశారు. "నిన్న ఏమైనా చేశావా అమ్మా?"

"ఏం చెయ్యలే సార్" అన్నాను.

అబద్ధం. ఆయన స్కానర్ వైర్లు ఊడాయేమో చూస్తున్నారు. ఆ తల్లి, "అయ్యో, ఇప్పుడెలాగండీ, దీని సీటు పోతుందండీ" అంటూ ఉంది. కూతురు ఏడవడం లేదు గాని, ఆ విడిపోయిన కాగితాన్ని రెండు చేతుల్లో పట్టుకుని కూర్చుంది. నాకు చదువు ఆగిపోయిన రోజు గుర్తొచ్చింది. అప్పుడు నా నోట్లోంచి, "నిన్న నాలుగు పెట్టెలొచ్చినయ్ సార్. నాకు తెల్వక అన్నిటికీ ఎస్ కొట్టిన" అని బయటపడింది. ఇక రేపటి నుంచి ఈ కుర్చీలో కూర్చోనియ్యరు అనుకున్నాను. నిజం చెప్పాలంటే, సీటు పోయేది ఆ అమ్మాయికొక్కదానికే కాదని అనిపించింది.

సారు, "హమ్మయ్య" అన్నారు. "జబ్బేదో తెలిసింది. పద."

షాపు వెనకే ఇల్లు. అక్కడ మూలగదిలో, ఆ మూసేసిన కంపెనీ నాటిదే, ఇంకో పాత కంప్యూటర్ ఉండేది. ఆంటీ దానికి పూల గుడ్డ కప్పి, పైన మిక్సీ పెట్టుకున్నారు. మమ్మల్ని చూసి, "ఇప్పుడా? చట్నీ సగంలో ఉంది!" అని అరిచారు. మిక్సీ దించి, గుడ్డ తీసి, సారు దాన్ని మొదలుపెట్టారు. అది లేవడానికి ఎంతసేపు పట్టిందో చెప్పలేను. లేచాక ఒక ఫోల్డర్ తెరిచి, పెట్టెలో చూసిన పేరే చూపించారు. "ఇదిగో, ఇక్కడున్నాడు."

ఆ ఫైలునూ దానితో పాటు ఇంకో మూడింటినీ పెన్‌డ్రైవ్‌లో వేసుకుని షాపుకు వచ్చాం. వాటిని ఉండాల్సిన చోట పెట్టారు. స్కానర్ ప్రోగ్రాం తెరుచుకుంది. మార్చే ప్రోగ్రాం నొక్కితే అదీ తెరుచుకుంది. నేను దాన్ని ముట్టుకోనే లేదు. ఒకదాన్ని బాగుచేస్తే రెండు లేచాయి. ఆ అమ్మాయి కాగితం ముక్కలను అద్దం మీద నేనే చేర్చాను. మధ్యాహ్నంలోపు అన్నీ పోయాయి. వెళ్తూ వెళ్తూ ఆ తల్లి నా గడ్డం పట్టుకుంది.

వాళ్ళు వెళ్ళాక నేను చీపురు తీసుకుని ఊడ్చిన చోటే మళ్ళీ ఊడుస్తున్నాను. సారు పిలిచి ఎదురుగా కూర్చోబెట్టారు.

"మేము మలక్‌పేటలో కాపురం పెట్టిన కొత్తలో ఐదు వాటాల ఇల్లు. ఐదు కుటుంబాలకీ ఒకటే వెదురు నిచ్చెన. ఎవరు కొన్నారో ఎవరికీ తెలియదు. టాంకు కడగాలన్నా, బల్బు మార్చాలన్నా అదే. ఒక వాటా వాళ్ళు ఖాళీ చేస్తూ, సామాను ఎక్కిస్తూ, 'ఈ నిచ్చెన ఎవరూ వాడటం లేదు కదండీ, తీసుకుపోమంటారా?' అని అడిగారు. అప్పుడు గుమ్మంలో ఉన్నాయన తల ఊపాడు. వాళ్ళు తీసుకుపోయారు. పై వారం టాంకులో పిచ్చుక పడింది. ఐదు వాటాల వాళ్ళూ కింద నిలబడి పైకి చూడ్డమే."

"తల ఊపిందెవరు సార్?"

"ఇంకెవరు, నేనే" అన్నారు. "నన్నెవరైనా ఏదైనా అడిగితే కాదనలేకపోయేవాణ్ణి. నీలాగే."

లోపలి నుంచి ఆంటీ, "ఆ నీళ్ళు మోసింది నేను! అది కూడా చెప్పండి!" అన్నారు.

అప్పుడు సారు ఆ ఫైళ్ళ సంగతి చెప్పారు. కొన్ని ఫైళ్ళు ఏ ఒక్క ప్రోగ్రాంకీ సొంతం కావు. బొమ్మను తెరవడం, చిన్నది చేయడం లాంటి పని నాలుగు ప్రోగ్రాంలకూ కావాలి. నలుగురూ నాలుగు తయారుచేసుకోకుండా ఒకటి పెట్టుకుని కలిసి వాడుకుంటారు. ఆ పిల్లవాడి ప్రోగ్రాం వెళ్ళిపోతూ, దీన్ని ఎవరూ వాడటం లేదనుకుంటున్నాను, తీసుకుపోనా అని అడిగింది. మన స్కానర్ కూడా వాడుతున్న సంగతి దానికి తెలియదు. "తెలియకపోవడంలో నా తప్పు కూడా ఉంది. మన ప్రోగ్రాంలను నేను చేత్తో తెచ్చి పెట్టాను. వాటి పేర్లు ఎక్కడా నమోదు చేయించలేదు. పాపం అది అడిగింది. అడిగినదాన్ని తిట్టకూడదు. మనం తల ఊపకుండా ఉండాలి."

ఆ రోజు ఆయన చెప్పిన మాట నాకు ఇప్పటికీ కుర్చీలో కూర్చోగానే వినిపిస్తుంది. "అర్థం కాకపోతే నో నొక్కు. నో అంటే పొమ్మనడం కాదమ్మా, ఆగమనడం."

నొక్కడం వచ్చింది గాని నోటితో అనడం రాలేదు. దానికి సారు ఒక ఉపాయం చేశారు. నాలుగింటికి ఫ్లాస్కులో టీ వచ్చేది. నా గ్లాసు నిండాక, "ఇంకొంచెం?" అనేవారు. నేను తల ఊపేదాన్ని. పోసేవారు. మళ్ళీ "ఇంకొంచెం?" మళ్ళీ ఊపేదాన్ని. గ్లాసు పొంగి బల్ల మీద పారేది. ఆయన పోస్తూనే ఉండేవారు. ఆంటీ, "ఏం మనిషండీ మీరు, ఆ పిల్లను చంపేస్తారా టీ పోసి?" అని గుడ్డ తెచ్చేవారు. మూడోరోజు టీ స్కానర్ వైపు పారుతుంటే భయం వేసి, "వద్దు సార్!" అని అరిచాను. సారు ఫ్లాస్కు దించి చప్పట్లు కొట్టారు. "విన్నావా? వచ్చింది, మాట వచ్చింది!" అని ఆంటీని పిలిచారు. నాకు నవ్వు ఆగలేదు. పెళ్ళయ్యాక అంత గట్టిగా నవ్వడం అదే మొదలు.

ఆ తర్వాత ఒకసారి ఒకాయన మార్కుల మెమో స్కాన్ చేయించుకుని, "చెల్లె, గీ పుట్టిన సంవత్సరం జర మార్చు. ఒక్క అంకెనే గదా" అన్నాడు. సారు పక్కనే పేపర్ చదువుతున్నారు. తల ఎత్తలేదు.  "మార్చనన్నా" అన్నాను. "ఎందుకు మార్చవ్?" అంటే ఏం చెప్పాలో తెలియక, "కాగితం మనది కాదు" అన్నాను. అది సారు మాటే. కాగితం మనది కాదు, కాసేపు మన చేతిలో ఉంది, అంతే అనేవారు. మెమో తెచ్చినాయన గొణుక్కుంటూ పోయాడు. సారు పేపర్ పేజీ తిప్పారు. ఆ సాయంత్రం టీతో పాటు ఉస్మానియా బిస్కెట్లు వచ్చాయి. 

ఆ నాలుగు ఫైళ్ళ కోసం సారు ఒక ఫోల్డర్ చేసి, దానికి తెలుగులో "నిచ్చెన" అని పేరు పెట్టారు. తర్వాత అట్లాంటివి ఇంకా దొరికితే అందులో చేర్చారు. ఏ ఫైలు ఎవరెవరికి కావాలో ఒక పొడుగు నోటుబుక్కులో రాయించారు. ఆయన చెప్పేవారు, నేను రాసేదాన్ని. "ఇది స్కానర్‌కీ, మార్చేదానికీ కావాలి. ఇది పాత ఫోటోలు తెరిచేదానికి మాత్రమే." నా రాత గుండ్రంగా ఉంటుందని మెచ్చుకునేవారు. అంతకు ముందు నా రాతను ఎవరూ చూడలేదు.

నిజం నిచ్చెన కూడా ఉంది. మలక్‌పేట అనుభవం తర్వాత సారు సొంతంగా ఇనుప నిచ్చెన కొన్నారు. అది మా మెట్ల కింద గోడకు ఆనించి ఉంటుంది. గల్లీలో ఎవరికి కావాలన్నా తీసుకుపోతారు, తెచ్చి పెడతారు. దాని రెండు కొసలు ఆనీ ఆనీ గోడ మీద రెండు గీతలు పడ్డాయి. ఇంటికి సున్నం వేయించినప్పుడు కూడా సారు వాటిని పూయనివ్వలేదు. "ఎక్కడ పెట్టాలో వాళ్ళకు తెలియాలి కదా" అన్నారు.

సారు పోయిన రోజు టెంటు కట్టడానికి గల్లీవాళ్ళు ఆ నిచ్చెన మలక్‌పేటకు మా ఆయన ట్రాలీలోనే వేసుకుని వెళ్ళారు. ఆ గడబిడలో దాన్ని తిరిగి తేవడం ఎవరికీ గుర్తు లేదు. నేను మెట్లు దిగినప్పుడల్లా ఖాళీ గోడ, రెండు గీతలు కనబడేవి.

పెద్ద కర్మ అయ్యాక ఆంటీ, కూతురు, అల్లుడుగారు షాపుకు వచ్చారు. అల్లుడుగారు కంప్యూటర్ ఉద్యోగమే చేస్తారు. మంచి మనిషి. ఆంటీ నాతో, "షాపు నువ్వే చూసుకో. సారు ఉన్నప్పుడే అనుకున్న మాట ఇది" అన్నారు. అల్లుడుగారు కంప్యూటర్ ముందు కూర్చుని అటూ ఇటూ చూసి, "బాబోయ్, ఇంత పాతదా! దీన్ని మొత్తం తుడిచేసి అన్నీ కొత్తవి వేసిస్తానమ్మా. సాయంత్రానికల్లా అయిపోతుంది. సరేనా?" అన్నారు.

ముగ్గురూ నా వైపు చూశారు. నా మేలుకే అంటున్నారు. నా తల అప్పటికే సగం ఊగింది. సగం ఊగిన తలను ఆపడం ఎంత కష్టమో తల ఊపేవాళ్ళకే తెలుస్తుంది.

"వద్దు సార్" అన్నాను.

"వద్దా?"

"తుడవొద్దు. గీ పెద్ద స్కానర్ దీంట్లనే నడుస్తది. దాని ప్రోగ్రాం ఇప్పుడు యాడ దొరకదు. దాని ఫైళ్ళే మార్చేదానికి గూడ కావాలె. ఒకటి పోతే రెండు పోతయ్." బల్ల సొరుగు లాగాను. "జర ఆగండి. ముందు ఇది చూడండి." నోటుబుక్కు తీసి ఆయన ముందు పెట్టాను.

ఆయన నోటుబుక్కు చూస్తూ, ఫోల్డర్ తెరిచి ఒక్కొక్క పేరూ సరిపోల్చుకున్నారు.  తర్వాత, "అవునమ్మా. తుడిచేసి ఉంటే ఆ స్కానర్ బల్లగా తప్ప పనికొచ్చేది కాదు" అన్నారు. చివరి పేజీ తిప్పి, "ఇది మీ రాత కాదే" అన్నారు.

నేను ఆ పేజీ ఎప్పుడూ చూడలేదు. మలక్‌పేట వెళ్ళే ముందు సారు ఎప్పుడు రాశారో, వణికే చేత్తో, అక్షరాలు లైను దాటి పోతున్నాయి. "వీటిలో ఏది తియ్యాలన్నా ముందు అమ్మాయిని అడగండి" అని ఉంది.

ఆంటీ కళ్ళజోడు లేక, "ఏం రాశారు, ఏం రాశారు?" అని అడుగుతున్నారు. కూతురు చదివి వినిపించింది. "ఆయనకు నా మీద కూడా అంత నమ్మకం లేదు" అని ఆంటీ నవ్వి, కళ్ళు తుడుచుకున్నారు. అల్లుడుగారు ఆ ఫోల్డర్‌ను రెండు పెన్‌డ్రైవ్‌లలో వేసి, ఒకటి నాకిచ్చారు. కంప్యూటర్ పైన దుమ్ము మాత్రం తుడిచి, లేచారు.

ఇప్పుడు షాపు నేనే తెరుస్తున్నాను. ముందు అద్దం తుడుస్తాను, అంచు నుంచి అంచు వరకు. నాలుగింటికి టీ ఒక గ్లాసే పోసుకుంటాను. అత్తమ్మ మొన్న మీర్‌పేట్ నుంచి వచ్చి కాసేపు షాపులో కూర్చుని, నేను ఒకాయనతో "ఇయ్యాల కాదన్నా, రేపు రాండ్రి" అనడం విని నోరు తెరిచింది. ఇంటికి పోయేటప్పుడు మా ఆయనతో, "పిల్ల మంచిగ మాట్లాడుతుందిరా" అన్నదట.

మొన్న పొద్దున మెట్లు దిగుతుంటే నిచ్చెన వచ్చి ఉంది. ఎవరు తెచ్చారో తెలియదు. టెంటు తాడు ముక్క ఒకటి దాని పై మెట్టుకు ఇంకా కట్టే ఉంది. రెండు కొసలూ సరిగ్గా ఆ రెండు గీతల మీదే ఆని ఉన్నాయి.